ఖాళీ షెడ్డు

కీర్తిశేషులు కల్లాల పేరయ్య గారి వారసత్వాన్ని ప్రపంచానికి చాటేందుకు ప్రయోగాత్మక డాక్యుమెంటరీ తీయిస్తున్నట్టు మంత్రి నాగేంద్రబాబు గారు ప్రత్తిపాడు సెంటర్లో ప్రకటించారు. పేరయ్య గారు ఎక్కడా కనిపించకుండా పేరయ్య గారిని చూపించడం అందులో విశేషమట. భోజనాలు ఇంకా పెట్టలేదు కాబట్టి జనం గట్టిగా చప్పట్లు కొట్టారు.

మిరపకాయలు వానకి తడిసి రైతులు ఏడుస్తుంటే, కల్లంలో రేకుల షెడ్డు వేసేదాకా కలెక్టరాఫీసు ముందు నుంచి లేవని మొండిమనిషి పేరయ్య గారు. ఖుర్షిదా ఈ ఏటి కాయంతా ఆ షెడ్డులోనే పోసుకుంది. కౌలు పొలం. ఇల్లు గడవాలన్నా, కూతురు నజ్మీన్ చదువు సాగాలన్నా ఆ రాశే దిక్కు.

డైరెక్టర్ రామకాంత్ వచ్చి రాశి చుట్టూ తిరిగాడు.

"అమ్మా, ఇవి తీసెయ్యాలి. షెడ్డు ఖాళీగా ఉండాలి."

"ఎందుకు బాబూ?"

"ఆయన లేని లోటు ఖాళీలోనే కనపడుతుంది."

"ఆయన కట్టించింది కాయల కోసమేగా?"

"అలా చూపిస్తే మామూలు సినిమా అయిపోతుందమ్మా."

అంత లోతైన మాటకి ఖుర్షిదా ఎదురు చెప్పాలన్నా, పక్కన పోలీసులున్నారు. సిబ్బంది కాయలన్నీ ఆరుబయట పోశారు. ఎండ తగిలితే రంగొస్తుందని వ్యవసాయాధికారి గారు మబ్బుల కింద నిలబడి ఓదార్చారు.

మధ్యాహ్నం మంత్రిగారు షూటింగుకి విచ్చేశారు. కెమెరా ఖాళీ వైపు తిప్పారో లేదో, వాన దంచికొట్టింది. మంత్రిగారు, అధికారులు, పోలీసులు, విలేకరులు అందరూ షెడ్డులోకి పరుగెత్తారు.

ఖుర్షిదా చేటతో కాయలెత్తుకుని గుమ్మం దగ్గరికి వచ్చింది. "సార్, కాస్త జరగండి, లోపల పోసుకుంటాను!"

"చోటెక్కడుందమ్మా?" అన్నాడు మంత్రిగారి పీఏ.

"పేరయ్య గారే ఉంటే ముందు మిమ్మల్ని బయటికి తోలేవారు!" అని ఆమె వెళ్లి, షెడ్డు ముందు కట్టిన మంత్రిగారి పెద్ద ఫ్లెక్సీ తాళ్లు కొడవలితో తెంపి రాశి మీద కప్పింది. గాలికి చిరగకుండా ఫ్లెక్సీకి అక్కడక్కడా చిల్లులు కోసి ఉన్నాయి, ఎక్కువ మంత్రిగారి ముఖంలోనే. నీళ్లు సరాసరి కాయల మీదికి దిగాయి. ఆమె కొంగుతో కొన్ని చిల్లులు మూసింది. మిగతా వాటికి చేతులు చాల్లేదు.

షెడ్డులో మంత్రిగారు కెమెరా వైపు తిరిగారు.

"చూశారా! ఇంత వానలో మనలో ఒక్కరైనా తడిశారా? ఇదీ పేరయ్య గారి వారసత్వం!"

అందరూ చప్పట్లు కొట్టారు. షాట్ అద్భుతంగా వచ్చిందన్నాడు రామకాంత్. ఫ్రేములో ఒక మూల ఎవరో ఆడమనిషి ఏడుస్తూ పడిందట.

"ఎడిటింగులో తీసేద్దాం లెండి," అన్నాడు.