ఎల్గ్ పత్రికకు కొమ్ములు ఊడిన వైనం

మగవాడికి మగతనం నెలనెలా పోస్టులో రావాలి. పుట్టుకతో వచ్చింది చాలుతుందని ఎవరైనా అంటే నమ్మకండి. పాలు ఒకరోజు పోయించుకుంటే జీవితమంతా సరిపోతాయా?

ఈ సత్యాన్ని స్వీడన్ దేశానికి బోధించిన మహానుభావుడు టూరె లిండ్‌మార్క్. స్టాక్‌హోమ్‌లో అతను నడిపిన మగవాళ్ల పత్రిక పేరు ఎల్గ్. అంటే అక్కడి అడవుల్లో తిరిగే, గుర్రమంత ఎత్తూ చేటలంత కొమ్ములూ ఉన్న దుప్పి. ముఖచిత్రం మీద ఒక గడ్డంవాడు చొక్కా లేకుండా, మంచులో గొడ్డలి పట్టుకుని నిలబడేవాడు. అతనికి జలుబు చేసిందా అని ఎవరూ అడగలేదు.

ఎల్గ్ రాకముందు స్వీడన్ మగవాడి బతుకు ఎంత దీనంగా ఉండేదో ఆలోచించండి. గురువారం బఠానీ సూప్ తాగి, శనివారం ఆవిరి స్నానం చేసి, హాయిగా నిద్రపోయేవాడు. తన మెడ సన్నగా ఉందని పాపం అతనికి తెలియనే తెలియదు! తన చేతి గడియారం చూసి లోకం జాలిపడుతోందని తెలియదు. కాఫీ కప్పు పట్టుకునే తన వేళ్లలో పిరికితనం ఉందని తెలియదు.

టూరె చెప్పాడు. నెలకో లోపం చొప్పున, రంగుల బొమ్మలు వేసి మరీ చెప్పాడు. ఎడమ పేజీలో లోపం, కుడి పేజీలో దాన్ని పోగొట్టే వస్తువు ప్రకటన. ఇంతకన్నా సేవ ఉంటుందా?

దేశం లేచి కూర్చుంది. బ్యాంకు గుమాస్తాలు గొడ్డళ్లు కొన్నారు. అపార్ట్‌మెంటులో నరకడానికి ఏముంటుందంటారా? కుర్చీలున్నాయి కదా. ఒక పళ్ల డాక్టరు ఎలుగుబంటి కళ్లలోకి సూటిగా చూడటం నేర్చుకుని, ఆ చూపు రోగుల మీద ప్రయోగించి, ప్రాక్టీసు మొత్తం పోగొట్టుకున్నాడు. అయితేనేం, మెడ లావైంది.

ఆ తర్వాత ఉన్నట్టుండి అమ్మకాలు పడిపోయాయి. పాఠకులు తిట్టలేదు, ఉత్తరాలు రాయలేదు. కొనడం మానేశారు, అంతే.

పత్రిక యజమానురాలు సీవ్ టూరెను పిలిపించింది. యజమానినైనా పేరు పెట్టి నువ్వు అనడమే ఆ ఊరి మర్యాద.

"మగాళ్లకి భయం తగ్గిపోయింది టూరె," అంది సీవ్.

"వచ్చే నెల మోచేతులు పెడదాం సీవ్. వాటిని ఇంతవరకూ ఎవరూ ముట్టుకోలేదు."

"మోచేతులతో బండి నడవదు. ఎండాకాలం వచ్చేలోపు కొత్త భయం ఒకటి పట్టుకురా. లేకపోతే ఎల్గ్‌ని మూసేస్తా. ముందు ఆ దాల్చినచెక్క బన్ను తిను, చల్లారిపోతోంది."

మూసేస్తే టూరెకు మిగిలేదేముంది? గడ్డం, గొడ్డలి.

ఇంటికొస్తే భార్య డీసా ఇంకో గడువు చెప్పింది. పాప స్వేయాను చూసుకోవడానికి ప్రభుత్వం తండ్రికి ఇచ్చే సెలవు అలాగే పడి ఉంది.

"నీ వాటా నేను వాడుకోడానికి లేదు. నువ్వు త్వరగా తీసుకోకపోతే గడువు దాటి మురిగిపోతుంది. ఊరికే వచ్చే సెలవు మురగబెట్టేవాణ్ణి మావైపు మనిషిగానే లెక్కెయ్యరు."

అలా ఎల్గ్ సంపాదకుడు నల్లకళ్లద్దాలు పెట్టుకుని, టోపీ ముక్కుదాకా లాక్కుని, పాపను బండిలో వేసుకుని, దొంగలా వీటాబెర్గ్ పార్కులోకి అడుగు పెట్టాడు.

అక్కడ కాఫీ హోటలు బయట, ఆ దేశపు అలవాటు ప్రకారం, చలిలోనే పిల్లల బండ్లు బారులు తీరి ఉన్నాయి. పిల్లలు దుప్పట్లలో నిద్రపోతున్నారు. లోపల కాఫీ తాగుతున్న తండ్రులంతా ఎవరు? తన పాఠకులే!

అందులో ఒకడు యెర్కర్, మొదటి సంచిక నుంచీ చందాదారుడు. కొడుకును భుజాలమీద ఎక్కించుకుని ఎదురొచ్చాడు.

"నువ్వు ఎల్గ్ టూరెవి కదూ? ఆ కళ్లద్దాలు తీసెయ్ గురూ, పాప జడుసుకుంటోంది."

"పత్రిక ఎందుకు మానేశావు?"

"నా భుజాలు చాలవని ఏళ్ల తరబడి రాశావు కదా. వీడు పొద్దున్నే ఎక్కితే దిగమన్నా దిగడు. చాలవని వీడికెవరూ చెప్పలేదు మరి."

"అయితే నీకసలు భయమే లేదా? ఒక్కటంటే ఒక్కటి?" టూరె గొంతులో ఆకలి వినపడింది.

యెర్కర్ కాస్త ఆలోచించాడు. "ఒకటుందిలే. నేను మంచి నాన్ననేనా అని, అప్పుడప్పుడూ..."

టూరె బండికి బ్రేకు వేశాడు.

మర్నాడే సెలవు రద్దు చేసుకున్నాడు. డీసా తన ఉద్యోగంలో చేరే తేదీ వాయిదా వేసుకుంది.

"దేని గురించట ఈ కొత్త పత్రిక?" అని అడిగింది.

"మంచి నాన్నల గురించి."

ఆమె బండి అందుకుంది.

ఎల్గ్ మూతపడింది, దాని చోట 'పప్పా', అంటే నాన్న, వెలిసింది. ముఖచిత్రం మీద పాత గడ్డంవాడే, చేతిలో గొడ్డలి బదులు పసిపాప. ఈసారి చొక్కా తొడిగారు. లోపల? 'మీ బండి చక్రాల చప్పుడు పాప మనసును గాయపరుస్తోందా?' 'అరటిపండు నలపడంలో తండ్రులు చేసే ఘోరాలు.' పక్క పేజీలో చప్పుడు చెయ్యని చక్రాలు, అరటిపండు నలిపే యంత్రం.

ఎండాకాలం వచ్చేసరికి పత్రిక దొరకడం కష్టమైంది. తన సేవాఫలాన్ని కళ్లారా చూద్దామని టూరె ఒక్కడూ పార్కుకు వెళ్లాడు. బెంచీల నిండా తండ్రులు, తండ్రుల చేతుల్లో పప్పా. పిల్లలు ఇసుకలో కూర్చుని వాళ్ల మొహాలు కనపడతాయేమోనని చూస్తున్నారు. యెర్కర్ పెన్సిలు పట్టుకుని 'మీకు నాన్నగా ఎన్ని మార్కులు?' పరీక్ష రాసుకుంటున్నాడు. కొడుకు అతని కోటు పట్టి లాగుతున్నాడు.

"ఆగరా కన్నా, పాస్ కావడానికి ఇంకా నాలుగు తక్కువయ్యాయి," అన్నాడు యెర్కర్. తలెత్తి టూరెను చూశాడు. "మీ పాప ఏదీ?"

"వాళ్లమ్మ దగ్గర. సెలవు వదిలేసుకున్నా గురూ. నాన్నల పత్రిక నడపడమంటే ఆషామాషీయా?"

యెర్కర్ పేజీలు వెనక్కి తిప్పాడు. "సెలవు వదులుకునేవాడు అసలు నాన్నే కాదని ఇక్కడ నువ్వే రాశావు కదా?"

"అది పాఠకుల కోసం," అన్నాడు టూరె.