కంపెనీ వెనక్కి పిలిచింది

శనివారం పొద్దున సూపర్నెంటు గారు పెట్టుకున్న పని ఒక్కటే. కంపెనీ వెనక్కి పిలుస్తున్న కార్లలో తన కారు ఉందో లేదో తేల్చుకోవాలి. ఆ రకం బండ్లలో సీటు బెల్టు సరిగా పట్టడం లేదనీ, తీసుకొస్తే ఉచితంగా మారుస్తామనీ పేపర్లో పడింది. మనవరాలిని ఎక్కించుకుని తిప్పే బండి అది.

ఆయన ఫ్యాక్టరీ స్టోర్స్‌లో సూపరింటెండెంటుగా రిటైరై మూడు నెలలైంది. అందరి నోళ్ళలో నలిగి ఆ హోదా 'సూపర్నెంటు'గా మిగిలింది. రిటైరైనప్పటినుంచీ ఇంట్లో కాలుగాలిన పిల్లిలా తిరుగుతున్నారు. వంటింటి డబ్బాలన్నీ అక్షరక్రమంలో సర్దేస్తే, ఉప్పు ఒక గోడకీ మిరియాలు ఇంకో గోడకీ చేరాయి. మనసులో మాత్రం ఒకటే ఆశ. "మీరు లేకపోతే జరగడం లేదు సార్" అని ఫ్యాక్టరీ నుంచి ఒక్క ఫోన్ రావాలి. అది రాలేదు. ఆయనా పిలవని పేరంటానికి వెళ్ళే రకం కాదు.

బానెట్ మీద బోర్లా పడి, ముందు అద్దం కింద ఉన్న ఛాసిస్ నంబరు రాసుకొచ్చి కంప్యూటర్లో కొట్టారు. అలాంటి కారే లేదంది. గుమ్మం ముందు నిలబెట్టుకున్న కారును లేదంటే ఎవరికి ఒళ్ళు మండదు? షోరూంకి ఫోన్ చేశారు.

"కంపెనీ వెనక్కి పిలుస్తోందటగా... వయసైతే అయింది గానీ ఇంకా గట్టేనండీ... సోమవారం తొమ్మిదికా? సాయంత్రానికి ఇంటికి పంపేస్తారుగా?... డబ్బులేమీ అక్కర్లేదా? సరే, నంబరు మళ్ళీ చూస్తాను."

వంటింట్లో ఉన్న భార్యకు ఇవతలి మాటలే వినిపించాయి. ఆవిడ వెంటనే కూతురికి ఫోన్ కలిపింది.

"మీ నాన్నని కంపెనీ వెనక్కి పిలిచిందే. సోమవారం నుంచి వెళ్తారు. జీతం కూడా వద్దన్నారు."

"పోన్లే అమ్మా, పగలంతా ఇంట్లో ఉండరు. అదే పదివేలు."

అల్లుడు ఆ ఫ్యాక్టరీలోనే గుమస్తా. ఇంకేముంది, మధ్యాహ్నానికల్లా మాటకు చిలవలు పలవలు పుట్టి, ఆయన మేనేజరుగా వస్తున్నారన్నంతదాకా పోయింది. పాత స్నేహితుడొకరు ఫోన్ చేశారు.

"వెనక్కి పిలిచారటగా, సంతోషం."

ఇంత చిన్న సంగతి ఈయనదాకా ఎలా వెళ్ళిందా అనుకుంటూనే, సూపర్నెంటు గారు "ఇంకా తేలలేదండీ. సున్నా దగ్గర అనుమానంగా ఉంది" అన్నారు.

"సున్నాల దగ్గర మొహమాటపడకండి. గట్టిగా అడగండి."

సాయంత్రం ఆయన పాత అసిస్టెంటు వచ్చాడు. ఇప్పుడు ఆయన కుర్చీలో కూర్చుంటున్నది అతనే. ఆయన సలహా మీద అదే రకం కారు కొన్నాడు కూడా.

"మరి నా సీటు సంగతేంటి సార్?" అన్నాడు నీరసంగా.

"నీ సీటుకీ తప్పదయ్యా. ఊడదీసి కొత్తది పెడతారు. ఒక్క పూట పని."

అసిస్టెంటు గోడ పట్టుకున్నాడు. అప్పుడే భార్య ఇస్త్రీ చొక్కాతో వచ్చింది.

"సోమవారానికి ఈ నీలం చొక్కా బావుంటుందా?"

"షోరూంకి ఏ చొక్కా అయితేనేం?"

"షోరూం ఏమిటి? మిమ్మల్ని పిలిచింది ఫ్యాక్టరీ కదా?"

సూపర్నెంటు గారికి స్నేహితుడి ఫోనూ, అసిస్టెంటు నీరసమూ ఇప్పుడు అర్థమయ్యాయి. "నన్నెవరు పిలుస్తారే? పిలిచేది కార్లని" అన్నారు. నవ్వుతూనే అన్నారు గానీ ఆ మాట ఆయనకే గుచ్చుకుంది. ఆవిడకు కూడా చేతిలో చొక్కా ఒక్కసారిగా బరువనిపించింది.

ప్రాణం లేచొచ్చిన అసిస్టెంటు, గురువుగారికి ఏదో ఒకటి చెయ్యాలని నంబరు కాగితం అందుకున్నాడు.

"ఇది ఇంగ్లీషు 'ఓ' కాదు సార్, సున్నా."

సున్నా కొట్టారు. సూపర్నెంటు గారి కారును ఎవరూ పిలవడం లేదు. పనిలో పనిగా అసిస్టెంటు బయటున్న తన కారు నంబరూ చూసొచ్చి కొట్టాడు. వెంటనే నడపడం ఆపమంది కంప్యూటరు. షోరూంకి ఫోన్ చేస్తే, ఆ రకం బెల్టులు అయిపోయాయనీ, బండి పెట్టి వెళ్తే రెండు వారాలు పడుతుందనీ అన్నారు.

"మా ఇంటివైపు బస్సు కూడా లేదు సార్. డ్యూటీకి ఎలా రావాలి?"

"నేనున్నానుగా" అన్నారు సూపర్నెంటు గారు, ఒక్క క్షణం కూడా ఆలోచించకుండా.

"దింపగానే వచ్చేయకండి. పాతవాళ్ళందర్నీ పలకరించి నిదానంగా రండి" అంది భార్య.

సోమవారం తొమ్మిదింటికి ఆయన కారు ఫ్యాక్టరీ గేటు ముందు ఆగింది. వాచ్‌మన్ పరుగున వచ్చి సెల్యూట్ కొట్టి, స్టోర్స్‌లో అందరూ టీ పెట్టించి ఆయన కోసం ఎదురుచూస్తున్నారని చెప్పాడు. నీలం చొక్కా వృథా పోలేదు.