గేదెను మోసిన సింహం

ఒక పెద్ద అడవిలో, ఎంత పెద్దదంటే ఈ చివర తుమ్మితే ఆ చివర నుంచి "చిరంజీవ" వినబడేసరికి జలుబు తగ్గిపోయేది, కనకవల్లి అనే గోరువంక చరిత్ర డాక్యుమెంటరీలు తీసేది. రాతా తనదే, గొంతూ తనదే, నిర్మాతా తనే.

చీమల చరిత్ర తీస్తే చూడ్డానికి చీమలు కూడా రాలేదు. పనుందట.

ఇలా లాభం లేదని సింహరాజు తాతగారి మీద తీయడానికి పూనుకుంది. ఇది ఆడిందా, అడవంతా చేరి సినిమాలు చూసే పెద్దబండ మీద ప్రతి పండక్కీ తన బొమ్మే. లేదా, మళ్లీ చీమలే.

ఆ తాతగారి కాలంలో వచ్చిన పెద్ద వరదను చూసినవాళ్లలో మిగిలింది తాబేలు తాత ఒక్కడే. "రాజుగారి తాత గేదె వీపెక్కి, కొమ్ములు పట్టుకుని, 'అమ్మో అమ్మో' అంటూ ఒడ్డు చేరాడే పిల్లా. నేను పక్కనే ఈదుతున్నా," అన్నాడు.

తాబేలు మాటలు తీసి చూపించగానే సింహం జూలు నిక్కబొడుచుకుంది.

"గేదె మీద మా తాతా? తిరగెయ్!"

"అంటే, ప్రభూ?"

"తాత మీద గేదె. లేదా ఈ పూట నా ఫలహారం నువ్వే."

"నేను పంటికిందికైనా చాలను ప్రభూ!"

"పళ్లు కుట్టుకోడానికి ఈకలు చాలు."

కనకవల్లి తిరగేసింది. సింహం వీపుకు గడ్డి కూరిన గేదెను కట్టి తీసింది. సాక్ష్యం కావాలిగా? వెనకోసారి "గుగ్గిళ్లు ఎలా ఉన్నాయి తాతా?" అనడిగితే తాబేలు తాత, "అద్భుతం తల్లీ! ఈ జన్మలో ఎరగను!" అన్నాడు. ఆ జవాబు కోసి, "గేదెను మోయడం చూశారా?" అన్న ప్రశ్న పక్కన అతికించింది.

అబ్బో, ఆడింది! ఏనుగులు ఏడ్చిన ఏడుపుకు చెరువు గట్టు తెగింది.

వానాకాలం వచ్చింది. వరద ముంచుకొచ్చింది. గంగులమ్మ అనే గేదె మందంతా వెంటేసుకుని సింహం గుహ ముందు నిలబడింది.

"వంగండి ప్రభూ. మా పెద్దత్తకు మోకాళ్ల నొప్పులు, ముందు ఆవిడ."

"మీకు ఈతొచ్చు కదే!"

"మీ వంశం ఉండగా మేమెందుకు తడవాలి?"

సింహం గోరువంక వైపు తిరిగింది. "నిజం చెప్పవే!"

"అది అబద్ధమమ్మా, నేనే తిరగేశాను!" అని కనకవల్లి గొంతు పగిలేలా అరిచింది.

"చాల్లే ఊరుకో. తాబేలు తాత చెప్పాడుగా!"

"నేను చెప్పింది గుగ్గిళ్ల సంగతే," అన్నాడు తాత.

"పాపం, మతిమరుపు," అంది గంగులమ్మ. పెద్దత్తను ఎక్కించింది. సింహం పిడకలా అణిగిపోయింది.

నీళ్లు గుహ దాకా రానే వచ్చాయి. చివరకు గంగులమ్మే రాజును వీపు మీద వేసుకుని ఈదింది. ఆయన కొమ్ములు పట్టుకుని "అమ్మో అమ్మో" అన్నాడు. పైన ఎగురుతూ కనకవల్లి అంతా తీసింది.

ఒడ్డున వణుకుతూ సింహం అడిగింది: "తీశావా?"

"తీశాను ప్రభూ. తిరగెయ్యనా?"

"వద్దొద్దు! పైయేడూ వానాకాలం వస్తుంది!"

ఆ నిజాన్ని ఉన్నదున్నట్టు ఆడించారు. చూడ్డానికి చీమలు కూడా రాలేదు.

నీతి: అబద్ధమాడితే ఆడండి గానీ, జనం నమ్మేంత బాగా ఆడకండి.