గవర్నర్‌పేట సనోబరు లైను కలిపిన విధంబెట్టిదనిన

సకలశబ్దాధిదేవతా! కేబులు తీగ కొసయందు కొలువుండు తల్లీ! గాలి వీచిన గీతలు గీతలుగను, వాన కురిసిన చుక్కలు చుక్కలుగను దర్శనమిచ్చుదానా! ఈ కథ చెప్పి ముగించునంతవరకు కరెంటు పోకుండ కాపాడుము. ఆపైన నీ చిత్తము, మా భాగ్యము.

క్రీస్తుశకము రెండువేల ఒకటవ సంవత్సరమున, శ్రావణమాసమున, బ్యారేజీ గేట్లెత్తగా కృష్ణమ్మ ఎర్రనీటితో ఉరవడించు దినములలో, బస్సుహారనుల నినాదముచే బధిరీకృతదిగంతరాళమును, ఆటోధూమధూసరితాంబరమును, బేరసారకోలాహలసంకులమును నగు విజయవాడ మహానగరమున, గవర్నర్‌పేట యను వర్తకదుర్గమునందు, హోల్‌సేలు బట్టలకొట్టు మీది మూడవ అంతస్తున, ఒక శుక్రవారపు సాయంకాలమున, అసమానధైర్యసాహసోపేతయు, రీడయలుమీటప్రయోగప్రవీణయు, ఇంటరు రెండవ సంవత్సరము బైపీసీ విద్యార్థినియు నగు సనోబరు అను పదునేడేండ్ల వీరాంగన హాలు గుమ్మమునందలి టెలిఫోనునకు ఎదురుగా బాసింపట్టు వేసికొని కూర్చుండెను.

ఏల కూర్చుండెనందురా? చెప్పెద వినుడు, తొందరపడకుడు. ఆ కాలమున టీవీలో ప్రతి శుక్రవారము సాయంకాలము ఒక ప్రత్యక్షప్రసారము వచ్చుచుండెను. ఇంటినుండి ఫోను చేసినవారితో యాంకరు నాలుగు ముక్కలు మాట్లాడి, వారు కోరిన పాట వేయును. అంతేనా యని పెదవి విరువకుడు! ఆ యాంకరు సామాన్యురాలా? నుదుటిమీద రెండు వెండ్రుకపాయలు వేలాడదీసి, 'హాయ్య్య్' అని బెల్లపుపాకమువలె సాగదీసి, పెళ్లిని 'పెల్లి' యనియు కళ్లను 'కల్లు' అనియు ముద్దుగా పలికినంతనే, కృష్ణా గుంటూరు మండలములయందలి ఆడపిల్లలెల్లరు కత్తెరలు చేబూని నుదుట పాయలు కత్తిరించుకొనిరి. వారి తల్లులు నెత్తీ నోరూ బాదుకొనిరి. కొబ్బరినూనె రాసి బిగించి దువ్విన నుదురు ఆ ఏడు గవర్నర్‌పేటలో మచ్చుకైన కనబడలేదన్న నమ్ముడు.

సనోబరు చదువు కళాశాలయందైతే మానవజాతి రెండుగా చీలెను: లైను కలిసినవారు, లైను కలవనివారు. కలిసినవారు మాట్లాడుదురు, కలవనివారు గుడ్లప్పగించి విందురు. పక్కవాటా సుస్మిత క్రిందటి నెలలో యాంకరుతో అరనిమిషము మాట్లాడెను. నాటినుండి ఆమె నడక మారెను, నవ్వు మారెను. పుట్టిననాటినుండి 'అమ్మా' యని పిలిచిన తల్లి రాజ్యలక్ష్మి రాత్రికి రాత్రి 'మమ్మీ' అయ్యెను. సనోబరునకో, వారములు గడిచినను లైను కలియదాయెను.

పైగా పేరొకటి! హాజరు పిలుచువేళ ఆ పేరు దగ్గరకు రాగానే లెక్చరరు కళ్లజోడు సవరించుకొనును. టీవీలో స్వప్నలు, శిరీషలు మాట్లాడుదురే గాని, సనోబరులు మాట్లాడగా ఆమె ఎన్నడును వినలేదు. అందుచేత ఆ వీరాంగన బీరువా అద్దము ఎదుట దువ్వెనను రిసీవరుగ పట్టుకొని 'హాయ్ అండీ, దిస్ ఈజ్ శానూ ఫ్రమ్ విజయవాడ' అని వారము దినములు సాధన చేసి, ముందునాడు తరగతి నడుమ నిలువబడి 'రేపు టీవీ చూడండే, మాట్లాడేది నేనే' అని భీషణప్రతిజ్ఞ గావించెను. లైను కలిసెనా, శానూ పుట్టును. కలవలేదా, మరునాడు తరగతిలో తలయెత్తుకొని తిరుగుట కల్ల.

ఇక ఆ ఇంటికి మహారాజ్ఞి అక్తరున్నీసా బేగము. సనోబరు తండ్రి హుమాయూనుకు తల్లి, సనోబరునకు దాదీ. ఆమె చెవులు పదవీవిరమణ పొంది చాలకాలమయ్యెను. వాల్యూము పెంచునప్పుడు టీవీ తెరపై వచ్చు పచ్చని గీతలు కొసదాక నిండినగాని ఆమెకు మాట అందదు. క్రింది బట్టలకొట్టు గుమాస్తా జీవరత్నము మేడవైపు చెవియొగ్గియే ప్రతిదినము వార్తలు వినుచుండును. ఆనాడు దాదీ నమాజు ముగించి, తల దువ్వి, పండుగలకు మాత్రమే తీయు జరీ అంచు దుపట్టా కప్పుకొని, రిమోటును ఒడిలో నిడుకొని, భోజనమైనది మొదలు టీవీ ఎదుట కదలక కూర్చుండెను. మనుమరాలి గొంతు ఆ పెట్టెలోనుండి వచ్చునట! టీవీవారు తనను గూడ చూతురేమో యని దుపట్టాను మాటిమాటికి సర్దుకొనుచుండెను.

సాక్షిగను సలహాదారుగను విచ్చేసిన సుస్మిత యుద్ధనీతి బోధించెను.

"ఒసే, లైన్ కలవగానే టీవీ వాల్యూమ్ తగ్గించాలి. లేకపోతే ఫోన్లో కీచుమని కూత వస్తది, వాళ్లు కట్ చేసేస్తారు. మా ఇంట్లో మమ్మీ ముందే మ్యూట్ చేసేసింది, తెలుసా?"

"దాదీ!" అని సనోబరు కేకవేసెను. "నేను చెయ్యి ఊపంగానే వాల్యూమ్ తగ్గించాలి, సరేనా?"

"సరే బేటీ, సరే," అని దాదీ నవ్వుచు తల యూపెను. వినబడని మాటకెల్ల ఆమె అట్లే తల యూపును. ఆ సంగతి ఎరిగియు, తొందరలో సనోబరు మరచెను. తొందర యెంత పనియైన చేయించును.

అంత యాంకరు తెరపై ప్రత్యక్షమయ్యెను. తోడనే సనోబరు రిసీవరు పెకలించి, టెలిఫోను నుద్దేశించి ఇట్లు గర్జించెను:

"ఓయీ దూరశ్రవణయంత్రమా! గవర్నర్‌పేటకును హైదరాబాదు నగరమునకును నడుమ తీగలసేతువు గట్టినదానా! ఎందరు స్వప్నలను, ఎందరు శిరీషలను ఆవలియొడ్డు చేర్చితివి! నేడు నా వంతు. అడ్డుపడు ఎంగేజుటోనులను చీల్చి చెండాడి నన్ను యాంకరు సన్నిధికి జేర్చుము. చేర్చవా, నిన్ను పాతసామాన్లవాని తక్కెడలో తూచి ఇచ్చెద!"

వీరగాథ యన్న తరువాత నాయికచే ఇట్లు పలికింపక తప్పదు గనుక పలికించితిని. ఆమె నోటినుండి వచ్చినది మాత్రము ఇంతే: "కలువు తల్లీ, నీకు పుణ్యముంటది."

కలిసెనా? అబ్బే! మొదటి అస్త్రము ఎంగేజుటోను తగిలి వెనుదిరిగెను. రెండవది 'ఈ మార్గంలో లైన్లన్నీ రద్దీగా ఉన్నవి' అను అశరీరవాణికి తగిలి నేలగూలెను. అయినను వెన్నుచూపక, మీటపై మీట నొక్కుచు, కుడి బొటనవ్రేలు తిమ్మిరెక్కినచో ఎడమ బొటనవ్రేలిని కదనరంగమునకు దింపుచు, చెమటకు నుదుటి పాయలు రెండును అంటుకొనిపోయినను లెక్కసేయక, ఆ వీరాంగన రీడయలు వర్షము కురిపించుచుండగా, తెరపై ఏలూరు అమ్మాయి మాట్లాడెను, నెల్లూరు అబ్బాయి మాట్లాడెను, తెనాలి పెద్దమనిషి యొకడు తన మనుమనిచేత ఎక్కములు అప్పచెప్పింపసాగెను.

"ఈయన ఇప్పట్లో వదిలేట్టు లేడే," అని సుస్మిత పండ్లు కొరికెను.

సరిగ్గా అప్పుడు, చేయి సేదదీర్చుకొనుటకు రిసీవరు దించినదే తడవుగ, ఫోను తనంతట తానే గణగణ మ్రోగెను! యాంకరే చేసెనేమో యని సనోబరు ఎగిరి అందుకొనెను.

"హలో, హుమాయూన్ గారిల్లేనా అండీ? నేనమ్మా, మైలవరం వెంకటప్పయ్యని."

హతవిధీ! ఆటోనగరులో హుమాయూనునకు ట్రాక్టరు స్పేర్‌పార్టుల దుకాణము కలదు. ఈ వెంకటప్పయ్య ఆ దుకాణమునకు పాతకాపు. అతనిపై ఫోను పెట్టివేసితివా, రాత్రికి తండ్రితో తలంటే.

"నాన్నగారు షాపులో ఉన్నారండీ."

"షాపుకి చేస్తే ఎంగేజ్ వస్తందమ్మా. ఏం లేదు, మా ట్రాక్టరు క్లచ్ ప్లేటు పోయింది. నాట్ల టైము కదా, చేలో ఆగిపోయింది బండి. మొన్నామధ్య ఇచ్చింది బాగానే ఉందిగానీ..."

"చెప్తానండీ, తప్పకుండా చెప్తాను."

"నువ్వు పెద్దమ్మాయివేనా? ఏం చదువుతున్నావమ్మా?"

"ఇంటరండీ."

"ఏం గ్రూపు?"

తెరపై తెనాలి మనుమడు పన్నెండవ ఎక్కము ముగించెను. యాంకరు 'నెక్స్ట్ కాలర్' అనెను. ఇక లాభము లేదని సనోబరు సిగ్గు విడిచి, ఉన్నమాట చెప్పివేసెను.

"అంకుల్ గారూ, మీకు దణ్ణం పెడతాను. నేను ఇప్పుడు టీవీలో మాట్లాడాలండీ. లైన్ దొరకట్లేదు."

"టీవీలోనా! హారి నీ, ముందే చెప్పొద్దా తల్లీ! ట్రాక్టరెక్కడికి పోద్ది, పెట్టేస్తన్నా, పెట్టేస్తన్నా!"

మహానుభావుడు! సనోబరు ఉన్న బలమంతయు బొటనవ్రేలిలోనికి దింపి మీట నొక్కెను. ఆవల గంట మ్రోగెను. మరల మ్రోగెను. ఎవరో మగగొంతు 'లైన్లో ఉండమ్మా' అనెను. సుస్మిత నోరు తెరచినది తెరచినట్లే యుండెను.

"హాయ్య్య్! ఎవరు మాట్లాడేదీ?"

కలిసెను! సనోబరు ముక్కుతో పలుకవలసినవి ముక్కుతో, నాలుక మడువకుండ పలుకవలసినవి మడువకుండ, అద్దమునకు అప్పచెప్పినది అప్పచెప్పినట్లు వదలెను: "హాయ్ అండీ! దిస్ ఈజ్ శానూ, ఫ్రమ్ విజయవాడ!"

క్షణమాగి అదే మాట టీవీలోనుండి వెలువడి, గోడలు అదరగొట్టి, కిటికీగుండ వీధిలో దూకెను. సనోబరు చెవిలో కూత పుట్టెను. హాలులో దాదీ ఉలిక్కిపడెను.

"ఇదెవత్తే?" అని దాదీ తెరవైపు వ్రేలు చూపెను. "శానూ అంట! మన సనోబరేదే? ఎవత్తో మన లైన్లో దూరిందే సుస్మితా! వెళ్లగొట్టండే దాన్ని!"

"శానూ గారూ, మీ టీవీ వాల్యూమ్ కొంచెం తగ్గిస్తారా, ప్లీజ్?" అని యాంకరు కోరెను.

సనోబరు చెయ్యి ఊపెను. దాదీ తిరిగి చెయ్యి ఊపెను. సుస్మిత రిమోటుపైకి ఉరికెను. అంతట అక్తరున్నీసా బేగము, మోకాళ్లనొప్పులతో లేచుటకు ఇద్దరు కావలసిన ఆ వృద్ధసింహము, రెప్పపాటులో రిమోటును క్రింద వేసికొని దానిపై కూర్చుండెను.

"ఏంటే తగ్గించేది? తగ్గిస్తే నాకెట్టా వినపడుద్ది? మా పిల్ల మాట్లాడుద్దని మజ్జానం నుంచి కూర్చున్నా. ముందు ఈ శానూ ఎవత్తో పోనీండి, మా పిల్ల వచ్చాక నేనే తగ్గిస్తా!"

"హలో శానూ గారూ? వాల్యూమ్ అండీ! లేకపోతే లైన్ కట్ చేయాల్సొస్తుంది, సారీ."

ఆహా, ఏమి సంకటము! ఒకవైపు శానూ: తాను కోరదలచిన వానపాట, దానిని నలుగురికి అంకితమిచ్చు డెడికేషను, సుస్మిత నడకవంటి నడక, తరగతిలో కలిసినవారి బెంచీ. అన్నియు ఒక్క మీట దూరమున ఉన్నవి. సుస్మిత టీవీ వెనుకకు పోయి ప్లగ్గు పట్టుకొని, 'పీకేదా?' అని కనుసైగ చేసెను. మరియొకవైపు దాదీ. ఆమె చూపు తెర మీదినుండి కదలలేదు. జరీ దుపట్టా జారిపోయినను సర్దుకొనుట మాని, మెడ ముందుకు చాచి, ఆ పెట్టెలో మనుమరాలిని వెదకుచుండెను. ఆ మనుమరాలు వెనుకనే, గుమ్మములో, ఫోను పట్టుకొని నిలువబడి యుండెను. సనోబరునకు ఆ ముఖము చూడగా నవ్వు వచ్చెను, ఆ వెంటనే ఏడుపు వచ్చెను. తన సొంత దాదీకి తన గొంతు తెలియలేదు. అదియెట్టి గొంతు!

"ప్లగ్ వదులు," అని సుస్మితతో అనెను. పిదప ముక్కును విడిచి, నాలుకను విడిచి, దాదీని అన్నమునకు పిలుచు గొంతుతో, మేడ దద్దరిల్లునట్లు పలికెను:

"తగ్గించనండీ! మా దాదీకి చెవులు వినపడవు. నేను మాట్లాడతానని మజ్జానం నుంచీ కూర్చుంది. తగ్గిస్తే ఆవిడకి వినపడదండీ, ఆవిడకి వినపడకపోతే నేనెందుకండీ మాట్లాడేది? నా పేరు శానూ కాదు. సనోబర్! విజయవాడ గవర్నర్‌పేట, హుమాయూన్ గారమ్మాయిని! దాదీ! నేనే దాదీ!"

చెవిలో కూత చెలరేగెను. లైను పుటుక్కున తెగెను.

కాని ఆకాశమార్గమున ఒక క్షణము ఆలస్యముగ వచ్చు ఆ మాటలు అప్పుడే టీవీని చేరుచుండెను. 'దాదీ! నేనే దాదీ!' అని పెట్టె ఘోషించెను. దాదీ రెండు చేతులు చరచి, "అదుగో! వచ్చింది! మా సనోబరే, వచ్చింది! ఆ శానూని తరిమేసింది!" అని ఎగిరినంత పని చేసెను. క్రింది కొట్టులో జీవరత్నము గజము బద్ద చేతబట్టుకొనియే వీధిలోనికి వచ్చి, మేడవైపు చూచి, "విన్నామమ్మా, విన్నాం!" అని కేకవేసెను. యాంకరు పాపము కొంత తడబడి, నుదుటి పాయలు సవరించుకొని, "అయ్యో, లైన్ కట్ అయినట్టుంది. ఓకే, సనోబర్ వాళ్ల దాదీ గారికి... హాయ్!" అని ఆ పేరు ఎక్కడను విరుగకుండ, నలగకుండ పలికెను.

"చల్లగా ఉండు తల్లీ," అని దాదీ తెరను దీవించెను.

"ఒసే మొద్దూ!" సుస్మిత నెత్తి కొట్టుకొనెను. "పాటే అడగలేదు కదే!"

సనోబరు నవ్వి నవ్వి గుమ్మములోనే కూలబడెను. దాదీ ఆమెను దగ్గరకు లాగి, చెమటకు అంటుకొన్న పాయలు రెండును చెవుల వెనుకకు దోపి, ముద్దు పెట్టుకొని, తీర్పు చెప్పెను: "భలే మాట్లాడావే బేటీ. కాకపోతే ఇంకాస్త గట్టిగా మాట్లాడాల్సింది."

వినుడు, జనులారా! పాట రాలేదు. డెడికేషను లేదు. శానూ పుట్టి, నాలుగు ముక్కలు మాట్లాడి గిట్టెను. లైను కలిసి తెగిన సనోబరును కలిసినవారిలో చేర్తురో, కలవనివారిలో చేర్తురో బైపీసీ పండితులు మరునాడు తీరికగా తేల్చుకొందురు గాక! యాంకరు ఆనతి యైనంతనే మహామహులు, వారి మమ్మీలు సైతము తలవంచి వాల్యూము తగ్గించిన ఈ తెలుగునేలపై, ఆ శుక్రవారపు సాయంకాలమున, గవర్నర్‌పేట మూడవ అంతస్తునందలి టీవీలో పచ్చని గీతలలో ఒక్కటి, ఒక్కటంటే ఒక్కటి, తగ్గలేదు!