అత్తగారికి రెండు ఓట్లు

ఇప్పుడు అకంబి ఇంట్లో మనిషికో ఫోను. ఎవరికి కావలసింది వాళ్ళు చూసుకుంటారు, ఎవరితో ఎవరికీ తగువు లేదు. ఆ ప్రశాంతత చూసినప్పుడల్లా ఆయనకు దిగులేస్తుంది.

లేగోస్‌లో గదికో కాపురం ఉండే వాళ్ళ వరండా మొత్తానికి అకంబి ఇంట్లోనే ఒక్క టీవీ ఉన్న రోజుల్లో, పదిమందిని ఓ ఇంట్లో పెట్టి తాళం వేసి, వారానికొకరిని ఓట్లేసి బయటికి పంపే ఆట వచ్చేది. ఆదివారం సాయంత్రం కరెంటు పోతే వీధి వీధంతా జనరేటర్లు ఒక్కసారే గొంతెత్తేవి. పెళ్ళి మాటలు మాట్లాడుకోవడానికి వచ్చినవాళ్ళు కూడా ఆట అయ్యేదాకా నోరు విప్పేవారు కాదు.

అకంబికి ఆ వేళలోనే ఫుట్‌బాల్. ఆయన కుర్చీలో కూర్చునేది మాత్రం అత్తగారు, రిమోటు ఆవిడ ఒళ్ళో ఉండేది.

కూతురి కాన్పుకి అబెయొకుటా నుంచి వచ్చిందావిడ, పసివాడికి నీళ్ళు పోయడానికి. మూడు నెలలుండి వెళ్ళడం ఆనవాయితీ. ఆవిడ చూస్తుండగానే పిల్లవాడు బోర్లాపడ్డాడు, పాకాడు, నడిచాడు, తండ్రి చెప్పులు మురిక్కాలవలో వేసి వచ్చాడు కూడా. ఆవిడ మాత్రం కదల్లేదు. వెళ్ళమనడానికి అల్లుడికి నోరు రాలేదు. వాళ్ళలో అల్లుడు అత్తగారికి నేలమీద సాగిలపడి దండం పెట్టాలి. రోజూ పొద్దున్నే గచ్చుకు ముక్కు ఆనించే మనిషి, లేచి చొక్కా దులుపుకుని ఇక బయల్దేరండని ఎలా అంటాడు?

చివరికి ఉపాయం తట్టింది. ఆ ఆటేదో మనింట్లోనూ ఆడదామన్నాడు. ఎక్కువ ఓట్లు పడ్డవాళ్ళు వెళ్ళి అబెయొకుటాలో అత్తగారింట్లో ఉండాలి. అందరూ కలిసి చెప్పిన తీర్పు, ఎవరినీ తప్పుపట్టడానికి లేదు.

భార్య రెమి ఆయన్ని ఎగాదిగా చూసింది. "ఓడినవాళ్ళు మాట తప్పకూడదు మరి."

"నేనెప్పుడైనా తప్పానా?"

"ఆ లెక్కలు ఇప్పుడెందుకులెండి," అంది రెమి.

పసివాడికన్నా పెద్దవాళ్ళయిన కొడుకునీ కూతుర్నీ సందు చివరికి తీసుకెళ్ళి, పుల్లలకు గుచ్చి కాల్చిన మాంసం కడుపునిండా తినిపించాడు. అయిదు ఓట్లలో మూడు తనవేనని ధీమాగా ఉన్నాడు. ఈలోగా కబురు పొక్కింది. ఆదివారానికి వరండాలో వాళ్ళంతా ముక్కాలిపీటలతో సహా దిగారు. పక్కగది దర్జీ తెర వెనక పెద్దమనిషిలా కూర్చున్నాడు. ఒక్కొక్కరూ సామాన్లగదిలో కందగడ్డల మధ్య కూర్చుని ఆయనకు పేరూ కారణమూ చెప్పి రావాలి.

దర్జీ గొంతు సవరించుకుని అత్తగారికి రెండు, అకంబికి మూడు అన్నాడు.

కారణాలు కూడా చదివాడు. నాన్న లేకపోతే పెద్ద మాంసం ముక్క మాకొస్తుందని పిల్లలిద్దరూ చెప్పారట. తిన్న మాంసం ఇంకా అరిగి కూడా ఉండదు. మా అమ్మ ఇంటి కప్పు కారుతోంది, బాగుచేయిస్తానని నాలుగుసార్లు మాటిచ్చారు, వెళ్ళి చేసి రావాలని రెమి చెప్పిందట.

"ఇది కుట్ర," అన్నాడు అకంబి.

"అందరి తీర్పు. మీరే అన్నారుగా."

అత్తగారికి పడ్డ రెండో ఓటు ఎవరిదని ఎవరో అడిగారు. దర్జీ కాస్త తటపటాయించాడు. ఆవిడదే. అల్లుడి కుర్చీలో నేను కూర్చుంటున్నాను, నన్నే పంపండి అందట. అకంబికి సిగ్గుతో తల కొట్టేసినట్లయింది. రెమి అప్పటికే సర్దిపెట్టిన సంచీ చేతికిచ్చింది. అందులో రెండు చొక్కాలు, ఒక సుత్తి, గుప్పెడు మేకులు ఉన్నాయి. వరండా అంతా చప్పట్లు కొట్టి ఆయన్ని సాగనంపింది.

వారం రోజులు కప్పుమీదే గడిచింది. ఆదివారం పొరుగింట్లో ఫుట్‌బాల్ పెట్టి, అడ్డుచెప్పేవాళ్ళు లేకుండా ఆయన్ని కూర్చోబెట్టారు. పావుగంటకే లేచి బయటికొచ్చి ఇంటికి ఫోను చేశాడు. అత్తగారు తీసింది.

ఆటలోంచి ఇవాళ ఎవరు పోయారని అడిగాడు. ఆవిడ చెప్పింది. అన్యాయం అన్నాడు, న్యాయమే అందావిడ. ఫోనులో డబ్బులు అయిపోవచ్చేదాకా వాదించుకున్నారు. చాలా రోజుల తర్వాత ఆయనకు హాయిగా అనిపించింది.

"కప్పు అయిపోయిందా నాయనా? అయితే నేను వచ్చేస్తాను."

అకంబి తలెత్తి చూశాడు. సాయంత్రపు ఎండలో కొత్త రేకులు ఒక్క చిల్లు లేకుండా మెరుస్తున్నాయి.

"ఎక్కడ అత్తయ్యా," అన్నాడు, "జల్లెడలా ఉంది. ఈ వానలు పోయేదాకా మీరిక్కడికి రానే కూడదు."