సూపు డబ్బా దెబ్బ

గురువారం ఉదయం ఆర్విల్ టాకెట్ పెట్టుకున్న పని ఒక్కటే. కాఫీ తాగుతూ సాయంత్రం నాటకంలోని తన మాటలు బట్టీపట్టి, పదింటికల్లా స్టూడియోకి చేరాలి. న్యూయార్క్ టెలివిజన్‌లో వారం వారం వచ్చే నాటకంలో అతనిది పక్కింటి మందులషాపు పిమ్ గారి వేషం. మూడేళ్లుగా గుమ్మంలోకి వచ్చి, "ఇంట్లో అంతా కులాసాయేనా?" అని అడిగి వెళ్లిపోతున్నాడు. ఇరవై ఏళ్లు నాటక కంపెనీల వెంట ఊళ్లు తిరిగినవాడికి అదే మహాభాగ్యం.

నలభై ఒకటో పేజీ దగ్గర కాఫీ పొలమారింది.

"లుయెల్లా, నన్ను చంపేస్తున్నారు."

భార్య స్టవ్ దగ్గర్నుంచి వెనక్కి తిరిగింది. "ఎవరండీ?"

"దొంగ. పిస్తోలుతో. ఇవాళ సాయంత్రం ఎనిమిదీ ఇరవైకి."

లుయెల్లా ఆ పేజీ లాక్కుని రెండుసార్లు చదివి కుర్చీలో కూలబడింది. పిమ్ గారు పోతే ఆర్విల్ కొలువూ పోయినట్టే. యాభై మూడేళ్ల మనిషిని పిలిచి మరో వేషం ఇచ్చేదెవరు? వెళ్లి కాళ్లో చేతులో పట్టుకోమంది.

పట్టుకోవలసిన కాళ్లు ట్రింబల్ గారివి. నాటకం ఖర్చంతా హార్విక్ సూపు కంపెనీది, అద్దాల గదిలో కూర్చునే ఈయన ఆ కంపెనీ మనిషి. డబ్బా ప్రతి సీనులోనూ కనబడాలి, దాని పక్కన ఎవరూ తుమ్మకూడదు, సూపు పేరెత్తితే పూర్తిగా "హార్విక్ వారి చిక్కని టమాటా సూపు" అనాలి. ఇవన్నీ ఆయన పెట్టిన రూళ్లు. పిమ్ గారికి కాలు విరగ్గొట్టండి, పొరుగూరు పంపండి, ప్రాణం మాత్రం తీయకండి అని ఆర్విల్ బతిమాలాడు. ఆ ముసలాయనంటే జనానికి విసుగొచ్చిందని, ట్రింబల్ తలైనా ఎత్తకుండా చెప్పాడు.

ఆ రోజుల్లో నాటకం జరుగుతుండగానే దేశమంతా చూసేది. తప్పు జరిగితే వెనక్కి వెళ్లి దిద్దుకునే వీల్లేదు. ఎనిమిదీ ఇరవైకి దొంగ వేషంలో ఎల్డన్ అనే కొత్త నటుడు వచ్చి పిస్తోలు నొక్కాడు. టిక్కుమంది. మళ్లీ నొక్కాడు. మళ్లీ టిక్కే. బుద్ధిగా గుండె పట్టుకుని పడిపోవడం నటుడిగా ఆర్విల్ ధర్మం. కానీ పేలని పిస్తోలుకి నేనెందుకు చావాలి అన్న దుర్బుద్ధి పుట్టింది. స్తంభంలా నిలబడి, "ఇంట్లో అంతా కులాసాయేనా?" అని అడిగాడు.

ఎల్డన్‌కి ముచ్చెమటలు పోశాయి. చేతికందింది బల్లమీది పెద్ద సూపు డబ్బా. దాంతో నెత్తిమీద ఒక్కటిచ్చాడు. అది నిండు డబ్బా. ఆర్విల్‌కి నటించే అవసరం లేకపోయింది, కళ్లముందు చుక్కలు మెరిసి నిజంగానే కూలాడు.

ఇల్లాలి వేషం వేస్తున్న వెర్నా పాతకాపు. సీను నిలబెడదామని పరుగెత్తుకొచ్చి, అలవాటు కొద్దీ అంది:

"హార్విక్ వారి చిక్కని టమాటా సూపు పిమ్ గారిని చంపేసింది."

స్టూడియో మొత్తం కొయ్యబారిపోయింది. అద్దాల గదిలో ట్రింబల్ మొహంలో నెత్తురు చుక్క లేదు. మెట్లమీంచి దొర్లినట్టు కిందికొచ్చి, వాణ్ణి బతికించమని సైగల మనిషి చెవిలో ఏడ్చాడు. కెమెరా పక్కన నిలబడి ఆపమనీ, సాగదీయమనీ నటులకు సైగ చేయడం ఆ సైగల మనిషి ఉద్యోగం. చచ్చినవాణ్ణి లేపే సైగ మాత్రం ఎవరూ నేర్పలేదు పాపం. రెండు చేతులూ పైకి పైకి ఊపాడు. లొంగిపొమ్మంటున్నారనుకుని ఎల్డన్ చేతులెత్తి గోడకి ఆనుకున్నాడు. గొంతు పెంచమంటున్నారనుకుని వెర్నా ఆ మాటే ఇంకా గట్టిగా, రెండుసార్లు ఏడుస్తూ అంది.

ఆర్విల్ ఒక కన్ను తెరిచి చూసి నిర్ఘాంతపోయాడు. పొద్దున తలెత్తని ట్రింబల్ కెమెరా వెనక మోకాళ్లమీద ఉన్నాడు, చేతులు జోడించి. సంగతి అర్థమైంది. అయినా ఊరికే లేస్తే దేశం నవ్వుతుంది కదా. "సూపు పట్టించు," అని పెదవి కదపకుండా గొణిగాడు.

వెర్నా పక్క బల్లమీది గిన్నె తెచ్చి ఓ గరిటెడు నోట్లో పోసింది. అది ప్రకటనలో చూపించే గిన్నె. దీపాల వేడికి అసలు సూపు పొర కడుతుందని, జిగురులో ఎర్ర రంగు కలిపి, నురగకి సబ్బునీళ్లు పోశారు. అది గొంతు దిగీ దిగగానే ఆర్విల్ గుడ్లు వెళ్లుకొచ్చాయి. ఏ నాటకంలోనూ పెట్టని కేక పెట్టి మూరెడు ఎగిరి కూర్చున్నాడు. నోట్లోంచి ఒక బుడగ వచ్చి నెమ్మదిగా పైకి తేలింది.

"హార్విక్ వారి చిక్కని టమాటా సూపు పిమ్ గారికి ప్రాణం పోసింది," అంది వెర్నా. ఈసారి నిజంగానే ఏడుస్తోంది.

ఇక బజారున పడ్డట్టేనని మొగుడూ పెళ్లాలు మూడు రోజులు గడప దాటలేదు. సోమవారం ట్రింబలే ఇంటికొచ్చాడు, ఐదేళ్ల ఒప్పందం పట్టుకుని. మూడు గోనెసంచుల ఉత్తరాలొచ్చాయట, దుకాణాల్లో డబ్బా దొరకడం లేదట. వచ్చే గురువారం నాటకం కాగితాలు కూడా చేతిలో పెట్టి, టోపీ తీసి మరీ సెలవు తీసుకున్నాడు.

ఆర్విల్ గబగబా పేజీలు తిప్పాడు.

"ఈసారేం చేస్తారట?" అని లుయెల్లా గుండె చిక్కబట్టుకుని అడిగింది.

"రైలు కింద తోస్తారు. ఆనక సూపు పట్టిస్తారు."

"హమ్మయ్య," అంది లుయెల్లా.