లోపలికి నవ్వే ఊరు

నది పొంగి మా ఊరి ఆవిరి స్నానాల కొట్టాన్ని ఎత్తుకెళ్ళి చర్చి మెట్ల మీద దించిన సంవత్సరం అది. ఆ ఏడే ప్రభుత్వం, లోకంలో ఇంకెవరికీ తట్టని గొప్ప నిర్ణయం ఒకటి చేసింది. స్వీడన్ దేశంలో ఇకమీదట లైసెన్సు లేనిదే ఎవరూ ఎవరినీ నవ్వించరాదు. (తెలియక నవ్వించినవారికి మొదటిసారి మందలింపుతో సరి.)

మా ఊరు గ్రాన్‌సేలే బాగా ఉత్తరాన ఉంటుంది. మా హిల్డింగ్‌కు నవ్వించడమే బతుకుతెరువు. ఇరవై ఏళ్ళుగా ముఖం కదపకుండా నవ్విస్తున్నాడు. సినిమాల్లోనూ వేశాడు. ఒకదానిలో శవం వేషం. (కాస్త అతి చేశాడని పత్రికలు రాశాయి.) లైసెన్సు రాకపోతే ఇక అంతే, అతనికి వేరే పని చేతకాదు.

అతను దరఖాస్తు పెట్టుకున్నాక, నవ్వుల తనిఖీ మండలి నుంచి అగ్నేటా అనే అధికారిణి వచ్చింది. నవ్వు చప్పుడు కొలిచే యంత్రం తెచ్చింది. ఊరంతా హాల్లో కాఫీ తాగి కూర్చున్నాం.

హిల్డింగ్ వేదిక ఎక్కాడు.

"మా ఆవిడ నన్ను వదిలేసి వెళ్ళిపోయింది," అన్నాడు. "జనవరిలో. మే నెలలో మంచు కరిగాక గానీ చూసుకోలేదు, ఆవిడ బూట్లు లేవని."

మా వైపు "అవును" అనడానికి మాట వాడం. స్స్‌ప్ మని గాలి లోపలికి పీలుస్తాం. నవ్వూ అంతే. ఆ రోజు అందరం ఒక్కసారిగా పీల్చేసరికి వేదిక మీది తెర మా వైపు వంగింది.

యంత్రం సున్నా చూపించింది.

"ఎవరూ నవ్వలేదు," అంది అగ్నేటా.

"నవ్వకపోవడమేంటే అమ్మాయ్! నాకు డొక్కలు పట్టేశాయి," అంది ముసలి టీరా, ముఖంలో ఒక్క గీత కదలకుండా.

"నవ్వు బయటికి రావాలి. లోపలికి పోయే నవ్వుకు నిబంధనల్లో చోటు లేదు. పోనీ, ఇతను బాగా నవ్వించాడని ఒప్పుకుంటారా?"

ఊరంతా స్స్‌ప్ మంది.

"జవాబు లేదు," అని రాసుకుంది.

"ఒక్కసారి పైకి నవ్వి చావండ్రా, నా బతుకు పోతోంది!" అన్నాడు హిల్డింగ్.

వెనక వరసలో ఉన్న ఎఫ్రాయిమ్ ప్రయత్నించాడు. అంబులెన్సు పిలవాల్సి వచ్చింది.

అగ్నేటా హిల్డింగ్ ముఖాన్ని పరీక్షగా చూసింది. "జిల్లా ఆఫీసులో అధికారి కుర్చీ ఖాళీగా ఉంది. ఏం విన్నా ముఖం కదలని మనిషి కావాలి. చేస్తావా? నీ దరఖాస్తు తేల్చేది కూడా ఆ అధికారే."

హిల్డింగ్ స్స్‌ప్ మన్నాడు. (ఉద్యోగంలో చేరడానికి ఆ చప్పుడు చెల్లుతుందట.)

"ఇంకేం, నీ లైసెన్సు నీ చేతిలోనే ఉందిగా!" అంది టీరా.

మర్నాడు పొద్దున హిల్డింగ్ ఆఫీసుకు వెళ్ళి, నంబరు చీటీ తీసుకుని, బెంచీ మీద కూర్చున్నాడు. ఎంతకీ ఎవరూ పిలవకపోయేసరికి లేచి, బల్ల అవతలికి వెళ్ళి, అధికారి కుర్చీలో కూర్చుని తన నంబరు తనే పిలిచాడు. ఎదురుగా ఉన్న ఖాళీ కుర్చీని చాలాసేపు చూశాడు.

"నాకే నవ్వు రావడం లేదోయ్," అని తన దరఖాస్తు తనే తిరస్కరించాడు.